పట్టిక ఏడు

లీయెజ్‌లో పాత పుస్తకాలు కొనడం నా బతుకుతెరువు.
పోయినవాళ్ల అరలు చూసి
వాళ్లెవరో చెప్పేస్తాను, అరనిమిషం చాలు.
కంటి ఎత్తున ఉన్నవి వచ్చేపోయేవాళ్లు చూడ్డానికి,
మోకాలి ఎత్తున ఉన్నవి తను చదువుకోడానికి,
మంచం కిందవి
ఎవరితోనూ చెప్పుకోలేనివి.

గిస్లేన్ ప్రొఫెసరమ్మ ఇంటికి
ఫిబ్రవరి ముసురులో వెళ్లాను.
తమ్ముడు ఫిర్మేన్ తలుపు తీశాడు.
బస్సుల డిపోలో ముప్ఫయ్యేళ్లు బ్రేకులు బిగించిన చేతులు,
గోళ్ల సందుల్లో ఇంకా ఆ నలుపు.
తడిసిన బూట్లు విప్పాలా వద్దా అని నేను తటపటాయిస్తుంటే
"అక్క విప్పమనేది కాదు,
మనసులో రాసుకునేది" అన్నాడు.

నాలుగు గోడలూ పుస్తకాలే.
మనిషి అర్థాన్ని ఎక్కడ వెతుక్కుంటాడు,
"నేను" అన్నప్పుడు ఎవరెవరిని కలుపుకుంటాడు,
ఎవరిని బయట నిలబెడతాడు,
గ్లాసుని కాడ దగ్గర పట్టుకునేదెవరు, గుప్పిట్లో పట్టుకునేదెవరు,
కచేరీలో నిద్రపోయేదెవరు,
వచ్చిన నిద్రని దాచుకునేదెవరు.
అన్నీ బరువైన అట్టలు, సగం పేజీ తినేసే అధోజ్ఞాపికలు.
తూకానికి తప్ప వీటినెవరు కొంటారని
లోలోపల లెక్కలేసుకుంటున్నాను.

"ఇందులో మా అక్క రాసిందేది?"

బూడిదరంగు అట్ట, నాలుగు వందల పేజీలు.
తీసి ఇచ్చాను.
వేలు తడి చేసుకుంటూ తిప్పాడు,
పార్ట్స్ కేటలాగు తిప్పినట్టు,
కావలసిన నంబరు ఎక్కడో ఉండే ఉంటుందన్నట్టు.
ఒకచోట ఆగాడు.

*సమాచారమిచ్చిన వ్యక్తి: 31.
పురుషుడు, 54. గాజు కొలిమి కార్మికుడు, జ్యుమే.
భోజనపు బల్లపై నీలిరంగు మైనపు గుడ్డ.
సూపును చప్పుడుతో సేవించును.
గోడపై చిత్రములు: ఒకటి (క్యాలెండరు).
పుస్తకములు: లేవు.
"అందము" అను మాట వాడిన సందర్భములు: సున్న.*

రెండుసార్లు చదివాడు, పెదవులు కదుపుతూ.
నేను కిటికీలోంచి వానని చూస్తున్నాను.
ఇలాంటప్పుడు ఎక్కడ చూడాలో
ఏ పుస్తకంలోనూ రాసి ఉండదు.

"ఇది మా నాన్న."

అరుస్తాడనుకున్నాను.
పెన్సిలుందా అని అడిగాడు.
ధరలు రాసుకునే ముక్క నా చెవి వెనకెప్పుడూ ఉంటుంది, ఇచ్చాను.
*నీలి* కొట్టేసి
పక్కన *ఆకుపచ్చ* అని రాశాడు,
స్కూలు పిల్లాడి గుండ్రటి అక్షరాలతో.

"నీలంది చుట్టాలొస్తే పరిచేది.
ప్రశ్నల కాగితాలు పట్టుకుని అక్క వచ్చిన రోజు
అమ్మ పొద్దున్నే బీరువాలోంచి తీసింది.
నేను అడిగాను కూడా, ఎవరొస్తున్నారని."

కాసేపటికి, సూపు దగ్గర వేలు పెట్టి:
"చిన్నప్పుడు ఆ చప్పుడుకే పడీ పడీ నవ్వేది.
నవ్విద్దామనే చేసుంటాడు.
తల వంచుకుని రాసుకుంటోంది, మరి."

పెన్సిలు మొన
సున్న మీదికి వచ్చింది.
చాలాసేపు అక్కడే ఉంది.
వేడి గాజుని కిటికీ వెలుగుకి ఎత్తి పట్టుకుని
ఊపిరి బిగబట్టి చూసే మనిషి
ఏ గడిలోకి వస్తాడో
ఆలోచిస్తున్నాడేమో.
నాకు తెలీదు, అది నా ఊహ.
"ఇది మాత్రం నిజమే" అని
సున్నని సున్నలాగే వదిలేశాడు.

పుస్తకం మీరే ఉంచుకోండన్నాను.
"వద్దు, మిగతావాటితో పాటు తీసుకుపో.
చదివేవాడికి తెలియాలి కదా
రంగు."

పదకొండు పెట్టెలు.
మెట్ల మీంచి ఇద్దరం మోశాం.
నాలుగో మెట్టు వదులుగా ఉంది,
దిగిన ప్రతిసారీ "చూసుకో" అన్నాడు.

మార్జిన్లలో గీతలుంటే ధర పడిపోతుంది,
మా వ్యాపారంలో మొదటి పాఠమది.
ఆ బూడిదరంగు పుస్తకం
మూడు వారాలుగా వ్యాన్ ముందు సీట్లో నా పక్కనే ఉంది.
లోపలి అట్ట మీద, కుడివైపు పైమూల,
ధర రాసే చోటు ఇంకా ఖాళీ.
పెన్సిలు
ఫిర్మేన్ చొక్కా జేబులోనే ఉండిపోయింది.